పెరటి చేపల గుంట పచ్చబడితే ఏం చేయాలి?

గోదావరి డెల్టా పల్లపు నేల. ఇల్లు కట్టాలంటే ముందు మెరక వేయాలి. ఆ మట్టి కోసం దొడ్లో తవ్విన గొయ్యే చాలా ఇళ్ళకి చేపల గుంట అయింది. కాలువకి నీళ్ళు వదిలినప్పుడు నింపుకోవడం, నాలుగు శీలావతులు, నాలుగు బొచ్చెలు వదలడం, రోజూ ఇంత తవుడు, మిగిలిన అన్నం చల్లడం. రెండు మూడేళ్ళు దాని జోలికి పోనక్కర్లేదు. ఆ తరవాత ఒక వేసవిలో నీరు చిక్కగా పచ్చబడుతుంది, మెట్ల వారంతా పాచి తెట్టు కడుతుంది, కూర వండితే చేప మట్టి వాసన కొడుతుంది. అక్కణ్ణుంచి టెన్షన్ మొదలు. బాబాయిలు, మావయ్యలు తలా ఒక మందు చెబుతారు. "గుప్పెడు మైలుతుత్తం కొట్రా అబ్బాయ్, తెల్లారేసరికి తేటపడిపోద్ది" అన్నది వాటిలో అన్నిటికంటే ఎక్కువగా వినిపించేది. మైలుతుత్తం అంటే రాగి ఉప్పు, కాపర్ సల్ఫేట్.

నీరు తేటపడుతుంది, నిజమే. చేపలు కూడా వెల్లకిలా తేలే ప్రమాదం ఉంది.

పాచి ఎక్కణ్ణుంచో ఊడిపడే తెగులు కాదు. గుంటలోకి మనం వేసినదానికీ, గుంటలోంచి మనం తీసినదానికీ ఉన్న తేడా అంతా పచ్చరంగులో పైకి తేలుతుంది. ఆ తేడా తగ్గించకుండా ఏ మందు వేసినా పాచి మళ్ళీ వస్తుంది. మందు గట్టిగా పడితే పాచితోపాటు చేపలూ పోతాయి. ఈ రెండూ ఎందుకు జరుగుతాయో తెలిస్తే, మిగతాది ఎవరి గుంటని చూసి వాళ్ళే తేల్చుకోవచ్చు.

ముందు కర్ర ముంచి చూడండి

పచ్చగా కనబడేదంతా ఒకటే పాచి అనుకుంటే చేసే పని తప్పుతుంది. ఒక వెదురు కర్ర తీసుకుని బాగా పచ్చగా ఉన్నచోట ముంచి, మెల్లగా తిప్పి పైకి తీయండి. కర్రకి దారాలు చుట్టుకుని వస్తే అది దారప్పాచి. ఇది మెట్ల మీద, గట్టు వార, అడుగున పుడుతుంది. ఎండ ముదిరాక తను విడిచిన ఆక్సిజన్ బుడగలు దారాల మధ్య చిక్కుకుని, వాటి బలంతోనే తెట్టుగా పైకి తేలుతుంది. నీళ్ళు తేటగా ఉండి, లోతు తక్కువై, ఎండ అడుగుదాకా తగిలే గుంటల్లో దీని బెడద ఎక్కువ.

కర్ర ఉత్తిగా వచ్చి, గ్లాసులోకి తీసిన నీళ్ళు మాత్రం లేత పచ్చగా ఉంటే అది నీళ్ళలో కలిసి తేలే సన్నపాచి. ఒక్కోటీ ఒకే కణం, కంటికి ఆనదు. చేపల రైతులు "చెరువుకి కలర్ వచ్చింది" అని సంబరపడేది దీన్ని చూసే. దీన్ని తిని నీటి పురుగులు పెరుగుతాయి, వాటిని బొచ్చెలు తింటాయి.

ఇక మూడోది. కర్రకి పచ్చ పెయింటు పూసినట్టు అంటుకుని వస్తుంది, గాలివాటున ఒక మూలకి చేరి దట్టంగా పేరుకుంటుంది, దగ్గరికి వెళితే కుళ్ళు వాసన. ఇది నీలాకుపచ్చ పాచి. పేరుకి పాచేగానీ నిజానికి ఇది బాక్టీరియా. అనుమానం ఉంటే ఒక గాజు సీసాలో నీళ్ళు పట్టి రాత్రంతా కదపకుండా ఉంచండి. నీలాకుపచ్చ రకాలు చాలావాటి కణాల్లో గాలి అరలు ఉంటాయి కాబట్టి పొద్దున్నకి పైకి తేలి పచ్చని ఉంగరంలా అంచుకి చేరతాయి. మామూలు సన్నపాచి నీళ్ళంతా పరుచుకునో, కిందకి దిగో ఉంటుంది. ఈ నీలాకుపచ్చ పాచిలో కొన్ని రకాలు విషాలు విడుస్తాయి. అది తెట్టు కట్టి ఉన్నన్నాళ్ళూ గేదెల్నీ బాతుల్నీ ఆ నీళ్ళు తాగనివ్వకండి, పిల్లల్ని దిగనివ్వకండి. చేపకి మట్టి వాసన పట్టించేది కూడా ముఖ్యంగా ఇవే. వీటిలో పుట్టే జియోస్మిన్ అనే పదార్థం చేప కొవ్వులో చేరుతుంది. పట్టిన చేపని కొన్నాళ్ళు మంచినీళ్ళలో, మేత లేకుండా ఉంచితే ఆ వాసన చాలావరకు పోతుంది.

మధ్యాహ్నం ఎండలో నీటి మీద ఎర్రటి పొర కడితే అది చాలావరకు యూగ్లీనా అనే జీవి పని, గుంటలో కుళ్ళు పేరుకుందని దానర్థం. చిన్న చిన్న ఆకులు, వాటికింద సన్నటి వేళ్ళు కనబడితే అది పాచి కాదు, నీటి మీద తేలే మొక్క. దాని సంగతి కింద వస్తుంది.

గుంటలో పచ్చదనం అసలు లేకుండా చేయాలనుకోవడం కూడా పొరపాటే. ఎంత ఉండాలో చూడటానికి చెయ్యి చాలు. మణికట్టు దగ్గర మడిచి అరచెయ్యి ఆకాశంవైపు ఉండేలా నీళ్ళలోకి నిలువుగా దించండి. మోచెయ్యి మునిగేదాకా, ఇంకో నాలుగు వేళ్ళ లోతుదాకా అరచెయ్యి కనబడుతూ ఉండి అప్పుడు మాయమైతే నీరు బాగుంది. మోచేతికి సగంలోనే మాయమైతే పాచి ముదిరిపోయింది. చంకదాకా దించినా వేళ్ళు లెక్కపెట్టగలిగేంత తేటగా ఉంటే సన్నపాచి చాలదు, అడుగుదాకా ఎండ దిగి దారప్పాచికి దారి తీస్తుంది. ఇటలీకి చెందిన ఆంజెలో సెకీ 1865లో తెల్లటి పళ్ళెం తాడు కట్టి సముద్రంలోకి దించి చూసిన పరీక్ష ఇదే. ఇప్పటికీ చేపల చెరువుల్లో సెకీ డిస్క్ వాడతారు. వారానికోసారి ఒకే చోట, పొద్దెక్కాక చూసి గోడ క్యాలెండరు మీద రాసుకుంటే ముప్పు రాకముందే తెలుస్తుంది.

తవుడు లెక్క

పాచికి వెలుతురు కావాలి, నత్రజని కావాలి, భాస్వరం కావాలి. మన ఎండకి కొదవ లేదు. నత్రజనిని అనబీనా లాంటి నీలాకుపచ్చ పాచి గాలిలోంచే పట్టుకుంటుంది. భాస్వరం మాత్రం గాలిలోంచి రాదు, ఎవరో ఒకరు గుంటలో వేయాలి. అందుకే తాళం అక్కడుంది.

కెనడాలో డేవిడ్ షిండ్లర్ బృందం 1973లో ఈ సంగతి అందరి కళ్ళకీ కట్టేలా చూపింది. ఒంటారియోలోని 226 నంబరు సరస్సుని మధ్యలో ప్లాస్టిక్ తెరతో రెండు చేశారు. ఒకవైపు చక్కెర, నత్రజని వేశారు. ఇంకోవైపు ఆ రెండిటితోపాటు భాస్వరం కూడా వేశారు. భాస్వరం పడిన సగం పచ్చగా మారింది, రెండో సగం మారలేదు. విమానంలోంచి తీసిన ఆ ఫోటో నీటి శాస్త్రం చదివేవాళ్ళందరికీ తెలుసు.

మన గుంటకి వద్దాం. 20 అడుగుల పొడవు, 15 అడుగుల వెడల్పు, సగటున 4 అడుగుల లోతు నీరు అనుకోండి. 1200 ఘనపుటడుగులు, అంటే సుమారు 34,000 లీటర్లు. ఇంత గుంటకి, గాలి ఆడించే యంత్రం లేకపోతే, 15 నుంచి 30 చేపలు హద్దు. చవగ్గా వచ్చాయని 200 పిల్లలు వదిలిన గుంటలు చాలా ఉంటాయి, పాచి కథ సగం అక్కడే మొదలవుతుంది. 30 చేపలు అరకిలో చొప్పున పెరిగితే 15 కిలోలు. ఆ 15 కిలోలు పెరగడానికి కిలోకి మూడు కిలోల లెక్కన 45 కిలోల తవుడు వేశామనుకుందాం. కిలో తవుడులో సుమారు 15 గ్రాముల భాస్వరం ఉంటుంది. మొత్తం 675 గ్రాములు గుంటలోకి వెళ్ళింది. కిలో చేపలో ఉండే భాస్వరం 4, 5 గ్రాములకి మించదు. 15 కిలోల చేప పట్టి వండుకుంటే 70 గ్రాములు బయటికి వచ్చింది. మిగతా 600 గ్రాములు గుంటలోనే ఉంది.

అదంతా వెంటనే నీళ్ళలో కరగదు. తవుడులోని భాస్వరంలో ఎక్కువ భాగం చేపకి అరగని రూపంలో ఉండి, పేడలాగే అడుగుకి చేరి ఒండ్రులో కూర్చుంటుంది. తరవాత ఎండ వేడికి అడుగున ఆక్సిజన్ అయిపోయినప్పుడు కొంచెం కొంచెంగా పైకి వదులుతుంది. నీటిలో భాస్వరం లీటరుకి 30 మైక్రోగ్రాములు దాటితే పచ్చబడే రకం నీళ్ళ కింద లెక్క. మన 34,000 లీటర్ల గుంటకి అది ఒక్క గ్రాము! 600 గ్రాముల నిల్వలోంచి ఒక్క గ్రాము కరిగితే చాలు. మొదటి రెండు మూడేళ్ళు తేటగా ఉన్న గుంట ఆ తరవాత ఏం చేసినా ఎందుకు మాట వినదో ఈ లెక్కే చెబుతుంది. ఈ ఏడాది వేసిన తవుడొక్కటే కాదు, గుంట తవ్విన నాటినుంచి వేసినదంతా దానికి మేతే.

కాబట్టి మొదటి పని మేత తగ్గించడం. చేపల మొత్తం బరువులో రోజుకి 2, 3 శాతం దాటకూడదు. 15 కిలోల చేపకి 300 నుంచి 450 గ్రాములు, అదీ చేపలు పూర్తిగా ఎదిగాక. చల్లడం మానేసి, పక్కలకి చిన్న చిల్లులు పెట్టిన సంచిలో తవుడు, వేరుశనగ చెక్క కలిపి పోసి కర్రకి కట్టి వేలాడదీయండి. సాయంత్రానికి సంచిలో మిగిలితే రేపు తగ్గించాలి. చల్లిన మేతలో ఎంత వృథా అయిందో తెలిసే దారే లేదు. ఇక అన్నం, గంజి, పెళ్ళిభోజనాల మిగుళ్ళు గుంటలో పోయడం ఈ రోజుతో ఆపేయాలి.

పగలు ఇచ్చేది, రాత్రి తీసుకునేది

పాచి పగలు ఆక్సిజన్ విడుస్తుంది. పొద్దు కుంకాక చేపలతోపాటు అదీ ఆక్సిజన్ పీలుస్తుంది. 30 డిగ్రీల వేడిలో నీళ్ళు పట్టి ఉంచగలిగే ఆక్సిజన్ లీటరుకి ఏడున్నర మిల్లీగ్రాములే. పాచి ముదిరిన గుంటలో మధ్యాహ్నం మూడింటికి అంతకంటే ఎక్కువే ఉంటుంది, తెల్లవారుజామున నాలుగైదు గంటలకి 2కి పడిపోతుంది. 3 కంటే తగ్గితే శీలావతి, బొచ్చె లాంటి చేపలకి కష్టం. అప్పుడే అవి పైకి వచ్చి నోళ్ళు తెరిచి గుటకలు వేస్తాయి.

మధ్యాహ్నం ఇంకో ముప్పు ఉంది. పాచి నీళ్ళలోని బొగ్గుపులుసు గాలిని లాగేసుకుంటే పీహెచ్ (నీటి ఆమ్ల, క్షార గుణాల కొలత) పెరిగి 9 దాటుతుంది. చేపల విసర్జన వల్ల నీళ్ళలో ఉండే అమ్మోనియాలో, 30 డిగ్రీల దగ్గర, పీహెచ్ 7 ఉన్నప్పుడు విషరూపంలో ఉండేది ఒక శాతం లోపే. 8 దగ్గర అది 7 శాతం, 9 దగ్గర దాదాపు 45 శాతం. అంటే అదే నీరు పొద్దున్న మంచిది, మధ్యాహ్నం చెడ్డది. కాబట్టి పాచి పట్టిన గుంటలో పొడిసున్నం కొడితే ఆ పీహెచ్‌ని ఇంకా ఎక్కించినట్టే.

అన్నిటికంటే ప్రమాదమైన రోజులు ముసురు రోజులు. అక్టోబరు, నవంబరు నెలల్లో వాయుగుండం పట్టి మూడు నాలుగు రోజులు ఎండ కనబడకపోతే పాచి పగలు కూడా ఆక్సిజన్ తయారు చేయలేదు. చిక్కగా పట్టిన పాచి ఒక్కసారిగా చచ్చి అడుగుకి దిగుతుంది. దాన్ని కుళ్ళబెట్టే బాక్టీరియా మిగిలిన ఆక్సిజన్ తాగేస్తుంది. పచ్చటి నీరు ఒక్కరోజులో గోధుమరంగుకో నలుపుకో తిరిగితే జరిగింది ఇదే. మందు వేసి పాచిని చంపినా జరిగేది ఇదే.

చేపలు గుటకలు వేస్తుంటే ఆలోచించే టైము లేదు. మేత ఆపి, మోటారు వేసి గుంటలోని నీళ్ళనే తోడి, ఎత్తునుంచి చిల్లుల గొట్టం ద్వారా మళ్ళీ గుంటలోకే చిమ్మాలి. బోరు నీళ్ళు పెట్టేవాళ్ళు గుర్తుంచుకోవాల్సింది, భూమిలోంచి వచ్చిన నీళ్ళలో ఆక్సిజన్ ఉండదు. గొట్టం నేరుగా గుంటలో ముంచి పెడితే లాభం లేదు, రేకు మీదో రాళ్ళ మీదో పడి చిందేలా పెట్టాలి. రాజోలు దిగువన, సముద్రానికి దగ్గర ఊళ్ళలో బోరు నీళ్ళు ఉప్పగా ఉంటాయి, నోట్లో వేసుకుని చూశాకే పెట్టండి.

నీళ్ళు, ఒండ్రు, నీడ

1852లో ధవళేశ్వరం ఆనకట్ట పూర్తయిన దగ్గర్నుంచి డెల్టాలో నీటికి ఒక పద్ధతి ఉంది. పంటబోదె వేరు, మురుగుబోదె వేరు. గుంటకి నీళ్ళు పంటబోదె నుంచే పెట్టాలి. మురుగుబోదెలో వరిచేల నుంచి జారిన యూరియా, డీఏపీ, పురుగుమందు, పైనున్న చేపల చెరువులు వదిలిన నీళ్ళు అన్నీ కలుస్తాయి. పంటబోదె అయినా వేసవిలో కట్టేసి జూన్‌లో వదిలినప్పుడు మొదటి నీళ్ళు దారిలో ఉన్న చెత్తంతా కడుక్కుంటూ వస్తాయి. ఆ వారం ఆగి పట్టుకోండి. వానాకాలంలో దొడ్డి నీళ్ళు గుంటలోకి దిగకుండా గట్టు జానెడు ఎత్తు పెంచాలి. కొబ్బరి పాదుల్లో వేసిన ఎరువు, పెంటకుప్ప రసం, బట్టలుతికిన సబ్బునీళ్ళు వచ్చి చేరేది ఆ వాలునుంచే. బాతులు రోజంతా గుంటలోనే ఉంటే అదీ ఎరువే.

ఇక లోపలున్న 600 గ్రాముల సంగతి. దాన్ని బయటికి తీయడానికి డెల్టాలో చేతికందిన దారే ఉంది, అందరూ వదిలేస్తున్నదీ అదే. కాలువలు కట్టేసిన ఏప్రిల్, మే నెలల్లో ఎటూ నీళ్ళు తగ్గుతాయి. ఆవిరై పోయేదే రెండు నెలల్లో దాదాపు అడుగు ఉంటుంది, మిగిలిన నీళ్ళలో పాచి మేత ఇంకా చిక్కబడుతుంది. రెండు మూడేళ్ళకోసారి అప్పుడు చేపలు పట్టేసి, గుంట ఎండగట్టి, నల్లటి ఒండ్రు పైపొర జానెడు మందాన చెక్కి కొబ్బరి పాదులకో, అరటికో వేయాలి. గుంటకి విషమైంది చెట్టుకి బలం. అడుగు నెర్రెలు విచ్చేదాకా ఎండనిచ్చి, సున్నం చల్లడానికి సరైన సమయం కూడా అదే, చేపలు లేనప్పుడు.

గుంట ఎండగట్టలేనివాళ్ళు దారప్పాచిని చేత్తో తీయాలి. పళ్ళగొర్రు లేకపోతే ముళ్ళకంప కట్టిన కర్ర చాలు, తిప్పుతూ చుట్టుకుంటే చాపలా వస్తుంది. పైకి తేలిన రోజునే, సాయంత్రంలోగా తీయాలి. ఆలస్యమైతే చచ్చి మునిగి మళ్ళీ ఎరువవుతుంది. తీసినదాన్ని గట్టు మీద పడేస్తే తొలి వానకి తిరిగి గుంటలోకే వస్తుంది కాబట్టి దూరంగా కంపోస్టు గుంతలో వేయండి.

నీటి మీద తేలే మొక్కలూ ఇదే పని చేసి పెడతాయి, అదుపులో ఉంటే. ఒక మూల వెదురు బద్దలతో చట్రం కట్టి అందులో అజొల్లా పెంచితే అది భాస్వరం లాక్కుంటుంది, వారం వారం తీసి కోళ్ళకీ గేదెలకీ వేయొచ్చు. తీయకపోతే మాత్రం లాభం లేదు. గుర్రపుడెక్క జోలికి వెళ్ళకండి. మన కాలువలకి అది పట్టించిన గతి చూస్తూనే ఉన్నాం.

నీడ విషయంలో నాకు నచ్చిన పద్ధతి గుంట మీదికి పందిరి. దక్షిణం, పడమర గట్ల మీద రాటలు పాతి ఆనప, బీర పాదులు ఎక్కిస్తే మధ్యాహ్నం ఎండ సగం తగ్గుతుంది. మూడో వంతు నుంచి సగం దాకా నీడ చాలు. మొత్తం కప్పేస్తే పగటి ఆక్సిజన్ కూడా పోతుంది. చింత, వేప లాంటి ఆకురాల్చే చెట్ల నీడ మాత్రం వద్దు, రాలిన ఆకంతా లోపలే కుళ్ళుతుంది. కలువలు కూడా మంచివే.

పాచి తినే చేపలు వేస్తే సరిపోదా అని చాలామంది అడుగుతారు. గడ్డిచేప నీటి మొక్కల్ని బాగా తింటుందిగానీ ముదిరిన దారప్పాచిని అంతగా ముట్టదు, తిన్నదాంట్లో సగం వరకు అరగకుండానే మళ్ళీ గుంటలోకే వదులుతుంది. వెండిచేప నీళ్ళలోని సన్నపాచిని వడకడుతుంది, కానీ పాచిని తినే నీటి పురుగుల్ని కూడా వడకట్టేస్తుంది. బొచ్చెలు ఎక్కువైనా అంతే. పురుగులు తగ్గితే పాచి పెరుగుతుంది. కాబట్టి అన్నీ కొంచెం కొంచెంగా ఉంచి, మొత్తం సంఖ్య తగ్గించడమే మేలు.

మందుల సంగతి

బార్లీ గడ్డి కట్ట వేస్తే పాచి రాదని బ్రిటన్‌లో వాడుక. అది చూసి వరిగడ్డి వేసేవాళ్ళున్నారు. మన వేడికి గడ్డి చప్పున కుళ్ళి ఆక్సిజన్ లాగేస్తుంది, చిన్న గుంటలో ఆ సాహసం వద్దు. ప్రోబయోటిక్ పొడులు ఒండ్రుని కొంత కుళ్ళబెట్టగలవేమోగానీ అందులోని భాస్వరాన్ని మాయం చేయలేవు. పటిక భాస్వరాన్ని పట్టుకుని కిందకి దించుతుంది, కానీ నీటిలో ఆమ్ల గుణం పెంచుతుంది. క్షారత (ఆమ్లాన్ని తట్టుకునే గుణం, ల్యాబు భాషలో ఆల్కలినిటీ) తక్కువున్న నీళ్ళలో అది చేపకి హాని. వాడదలిస్తే ముందు బకెట్ నీళ్ళలో, రెండు చిన్న చేపలతో చూసి వాడండి. ఇంటి ముందు సిమెంటు తొట్టెలో రంగు చేపలు పెంచేవాళ్ళకి మాత్రం వేరే దారి ఉంది. చిన్న పంపు, వడపోత, యూవీ లైటు పెడితే పచ్చనీరు వారం రోజుల్లో తేటపడుతుంది. దారప్పాచి మీద యూవీ పనిచేయదు.

మైలుతుత్తం పాచిని చంపుతుంది, అందులో అబద్ధం లేదు. కొబ్బరి మొవ్వు కుళ్ళుకి మైలుతుత్తం, సున్నం కలిపి బోర్డో పేస్టు చేసుకునే ఇళ్ళలో అది ఎప్పుడూ ఉంటుంది కాబట్టి చెయ్యి ముందు దానిమీదికే వెళుతుంది. కానీ దాని మోతాదు నీటి క్షారతని బట్టి మారుతుంది. లీటరుకి ఎన్ని మిల్లీగ్రాముల క్షారత ఉందో దాన్ని 100తో భాగిస్తే లీటరుకి వేయదగ్గ మైలుతుత్తం మిల్లీగ్రాముల్లో వస్తుంది. క్షారత 100 ఉంటే మన 34,000 లీటర్ల గుంటకి 34 గ్రాములు. గుప్పెడు దానికి రెండు మూడు రెట్లు ఉంటుంది. క్షారత 50 కంటే తక్కువ ఉంటే అసలు వాడకూడదు. భీమవరం, ఆకివీడు వైపు నీటి పరీక్ష ల్యాబుల్లో సీసాడు నీళ్ళు ఇస్తే ఈ అంకె చెబుతారు. నత్తలు, నీటి పురుగులు, రొయ్యలు ఈ మందుకి చేపలకంటే ముందు పోతాయి. పురుగులు పోతే ఆ తరవాత వచ్చే పాచికి అడ్డే ఉండదు. రాగి ఎక్కడికీ ఆవిరైపోదు, ఒండ్రులో చేరి ఏటా పెరుగుతుంది. ఆ ఒండ్రే కదా రేపు పాదులకి వేయాల్సింది.

ఇన్నీ తెలిసి కూడా వాడక తప్పని పరిస్థితి వస్తే, నీలాకుపచ్చ తెట్టు కమ్మేసి వేరే దారి లేకపోతే, తెట్టుని ముందు వీలైనంత తోడి తీసేయండి. మందుని నీళ్ళలో పూర్తిగా కరిగించి, ఎండ బాగా కాసే రోజు పొద్దున్న, గుంటలో మూడో వంతుకే, మోతాదులోనూ మూడో వంతే చల్లండి. మిగతా భాగానికి వారం పదిరోజుల తరవాత. మబ్బు పట్టిన రోజు, చేపలు గుటకలు వేస్తున్న రోజు చల్లకూడదు. చల్లిన మొదటి రెండు మూడు రాత్రులు మోటారు సిద్ధంగా ఉండాలి, తెల్లవారుజామున నాలుగింటికి ఎవరో ఒకరు లేచి గుంట చూడాలి.